మూఢం రోజుల్లో మాటలు పలికే పని

ముప్పై రెండేళ్ళ వయసులోనే నాకు పదవీ విరమణ సన్మానం జరిగింది. శాలువా కప్పారు. మా మైకుల యాదగిరన్న పూలదండ వేయబోతే నేను సిగ్గుతో వెనక్కి జరిగాను. చేతిలో దండ పట్టుకుని ఏం చేయాలో తోచక ఆయన దాన్ని మైకు స్టాండుకి వేశాడు. "ఇన్నేండ్లు మాట్లాడింది ఇదే గదా," అన్నాడు. అందరూ నవ్వారు, నేనూ నవ్వాను. నిజానికి అంతకంటే సరైన సన్మానం ఉండదు.

నా కుర్చీలోకి నవ్య అనే అమ్మాయి వస్తోంది. ఈ మధ్యే డిగ్రీ అయిపోయింది, చలాకీ పిల్ల. "అక్కా, కార్డు మీదున్న మాట చదవడమే కదా పని?" అని అడిగింది. అవునన్నాను. మనిషి ఎదురుగా ఉంటే నాకు అవుననడమే అలవాటు. ఇంటికొచ్చి డైరీ తెరిచాక అది సరైన జవాబు కాదనిపించింది. నోటితో చెప్పలేకపోయింది ఇక్కడ రాస్తున్నాను. నవ్యతో పాటు ఈ పనిలోకి వచ్చేవాళ్ళెవరైనా చదువుకోవచ్చు.

పని ఏమిటంటే

బడిపిల్లలకి ఇంగ్లీషు స్పెల్లింగ్ పోటీలు పెట్టే చిన్న సంస్థ మాది. ఆఫీసు చైతన్యపురిలో, హాస్టళ్ళ సందులో, జిరాక్స్ షాపు పైన. దిల్‌సుఖ్‌నగర్ నుంచి తుర్కయంజాల్ దాకా ఉన్న బడులన్నీ మా పరిధి. పిల్లవాడు మైకు ముందు నిలబడతాడు. ఎవరూ రోజూ వాడని ఒక మాటని నేను పలుకుతాను. అడిగితే మళ్ళీ పలకాలి, అర్థం చెప్పాలి, అది ఏ భాష నుంచి వచ్చిందో చెప్పాలి, ఒక వాక్యంలో పెట్టి చదవాలి. పిల్లవాడు అక్షరాలు వరుసగా చెప్తాడు. తప్పితే యాదగిరన్న గంట కొడతాడు.

యాదగిరన్నది తుర్కయంజాల్. మైకులు, వైర్లు, గంట, టైము చూపించే ఎర్రబల్బు అన్నీ ఆయన చూసుకుంటాడు. గంట కొట్టడం ఆయనకి అస్సలు ఇష్టముండదు. కొట్టిన ప్రతిసారీ ఆ పిల్లవాడికి జేబులోంచి ఒక బిస్కెట్ పాకెట్ తీసిస్తాడు. దాంతో రెండో తరగతి పిల్లలు కొందరు కావాలనే తప్పు చెప్తున్నారని మాకు అనుమానం వచ్చిన రోజులూ ఉన్నాయి.

మా సార్ మధుసూదనరావు గారిది తెనాలి వైపు. కాలేజీలో ఇంగ్లీషు చెప్పి మానేసి ఈ సంస్థ పెట్టారు. నేను అక్కడ మొదట చేరింది మాటల పట్టికలు టైపు చేయడానికి. ఒకరోజు బీరువా వెనక నిలబడి యాదగిరన్నకి పట్టిక చదివి వినిపిస్తున్నాను. అవతలి నుంచి సార్, "ఆ బీరువా వెనక చదివేది ఎవరమ్మా?" అన్నారు. నేను బయటికి రాలేదు. "సరే, అక్కడే ఉండి ఇంకో పది చదువు," అన్నారు. ఇంటర్వ్యూ అంటే అదే.

మూఢం

పనిలో చేరే ముందు ఎవరూ చెప్పని సంగతి ఒకటుంది. మా పోటీల తేదీలు పంచాంగాన్ని బట్టి ఉంటాయి. ఎల్‌బీనగర్, సరూర్‌నగర్ చుట్టుపక్కల ఫంక్షన్ హాళ్ళు పెళ్ళిళ్ళ రోజుల్లో మాకు అందవు. అందుకని సార్ ప్రతి ఏడాదీ ఉగాదికి కొత్త పంచాంగం కొని మూఢం ఎప్పుడు, ఆషాఢం ఎప్పుడు అని ఎర్రసిరాతో గుర్తు పెట్టుకుంటారు. లోకమంతా మంచిరోజు కోసం చూస్తుంటే మేం చెడ్డరోజుల కోసం చూస్తాం. వరసగా ముహూర్తాలున్నాయని తెలిస్తే మా ఆఫీసులో అందరి ముఖాలూ వాడిపోతాయి.

హాలైతే దొరుకుతుంది గానీ స్టేజీ మీద ముందటి పెళ్ళి ఇంకా అక్కడే ఉంటుంది. వెనక థర్మకోల్ అక్షరాల్లో పెళ్ళికొడుకు పేరు, పెళ్ళికూతురి పేరు. వాడిన బంతిపూలు. పిల్లలు సీరియస్‌గా అక్షరాలు చెప్తుంటే వాళ్ళ వెనక అక్షింతలు చెల్లాచెదురుగా పడి ఉంటాయి. స్టేజీ మీద కూర్చోవడానికి ఉండేది ఒక్కటే, వధూవరుల సోఫా. ఎర్ర వెల్వెట్, బంగారు రంగు చేతులు. తొమ్మిదేళ్ళు నేను పని చేసింది ఆ సోఫాలోనే.

మాది పోచంపల్లి దగ్గర ఊరు. తాతలు మగ్గం నేసేవాళ్ళు, నాన్నకి దిల్‌సుఖ్‌నగర్‌లో బట్టల దుకాణం. ఎవరో పోటీ ఫోటో తీసి మా అమ్మకి పంపారు. అమ్మ చాలాసేపు చూసి, "సోఫాలనైతె కూసున్నవ్. పక్కనెవ్వడు లేడు," అంది. తర్వాత ఏ పోటీకి వెళ్తున్నా, ఇవ్వాళ పక్కన ఎవరన్నా కూచుంటారా అని అడిగేది. నేను ఆ పక్కసీటులో డిక్షనరీ పెట్టుకునేదాన్ని.

గొంతు గురించి

నాకంటే ముందు ఆ సోఫాలో ఒకాయన ఉండేవాడు. ఎయిర్‌పోర్టులో ప్రకటనలు చేసేవాళ్ళలా పలికేవాడు. తల్లిదండ్రులు మురిసిపోయేవాళ్ళు. పిల్లలకి మాత్రం ఒక్క ముక్కా అర్థమయ్యేది కాదు. సార్ ఆయన్ని ఏమీ అనలేదు, కానీ నాకు మొదటిరోజే చెప్పారు: "ఎక్కడో పుట్టినట్టు పలకొద్దమ్మా. ఇక్కడే పుట్టి, జాగ్రత్తగా నేర్చుకున్నట్టు పలుకు."

జాగ్రత్తగా అన్న మాటలోనే పనంతా ఉంది. మనం ఇంగ్లీషు మాటల్ని ముందు కళ్ళతో చూస్తాం. చెవులతో వినడం తర్వాత, ఒక్కోసారి ఎప్పటికీ వినం. ఇంట్లో కూచుని పుస్తకాలు చదివిన నాలాంటివాళ్ళకి ఇది మరీ ఎక్కువ. వంకరపోయింది, చెడిపోయింది అనే అర్థంలో వాడే 'అరై' (awry) అన్న మాటని నేను డిగ్రీ అయ్యేదాకా మనసులో 'ఆరీ' అనే చదువుకున్నాను. ఎవరూ నా నోట ఆ మాట వినలేదు కాబట్టి పరువు దక్కింది. ఓసారి నేను victuals అని రాసే తిండిసరుకుల్ని 'విటల్స్' అని పలికితే ముందు వరుసలోంచి ఒక హెడ్మాస్టరు గారు లేచి, 'విక్టువల్స్' అనాలి కదమ్మా అన్నారు. డిక్షనరీ తీసుకుని మెట్లు దిగి, ఆయన దగ్గరికెళ్ళి, ఆ వరస మీద వేలు పెట్టాను. ఆయన కళ్ళద్దాలు పెట్టుకుని చదివి, "మా సార్ మాకు అట్లనే చెప్పిండు," అన్నారు. మా బడిలో సార్ కూడా నాకు చాలా మాటలు అట్లనే చెప్పారని ఆయనకి చెప్పాలనిపించింది. ఆ రోజు తెలిసింది, వాదించడానికి గొంతు అవసరం లేదు, సరైన పేజీ తెలిస్తే చాలని. నవ్యా, పేజీలకి రంగుకాగితాలు అంటించుకో.

సాధన ఎక్కడంటే అక్కడ చేయాలి. నేను మెట్రోలో చేసేదాన్ని. చైతన్యపురిలో ఎక్కి, కళ్ళు మూసుకుని, పెదాలు మాత్రమే కదుపుతూ 'సెస్క్విపెడేలియన్' లాంటి మాటల్ని ఒకదాని వెనక ఒకటి చెప్పుకునేదాన్ని. ఒకరోజు పక్కన కూర్చున్న పెద్దావిడ, "ఏం స్తోత్రం బిడ్డా? జర గట్టిగ చదువు, నేను గూడ ఇంట," అంది. మాటలన్నిటికీ చివర చిన్న సాగదీత చేర్చి ఎల్‌బీనగర్ దాకా చదివాను. దిగేముందు ఆవిడ రెండు చేతులూ కళ్ళకద్దుకుంది. ఆ రోజు ఒక్క మాట కూడా తడబడలేదు.

అర్థం గురించి

అర్థాలు మేమే రాసుకుంటాం. డిక్షనరీలో ఉన్నది ఉన్నట్టు దించితే అది అడిగిన మాట కంటే కష్టంగా ఉంటుంది. నిద్ర లేవగానే ఒళ్ళు విరుచుకుంటూ ఆవులిస్తాం చూడండి, దానికి ఇంగ్లీషులో 'పాండిక్యులేషన్' అని పేరుంది. మొదటిసారి సార్ రాసిన అర్థంలో కండరాలు, కణజాలం, అసంకల్పితం అన్నీ ఉన్నాయి. నాలుగో తరగతి పిల్ల అంతా విని, "మేడం, ఇప్పుడు ఈ అర్థానికి అర్థం?" అంది. హాలంతా నవ్వింది. సార్ అందరికంటే గట్టిగా నవ్వారు. ఇంటికెళ్ళేదాకా నవ్వుతూనే ఉన్నారు.

అప్పటి నుంచి నేను ఏ మాటకైనా ముందు తెలుగులో అర్థం రాసుకుంటాను. తెలుగులో చెప్పలేకపోతే నాకింకా అర్థం కాలేదన్నమాట. అది యాదగిరన్నకి చదివి వినిపిస్తాను. పాండిక్యులేషన్‌కి నేను రాసింది వింటూ వింటూ ఆయన చేతులు పైకెత్తి ఒళ్ళు విరుచుకున్నాడు. దాన్ని అప్పుడే ఖాయం చేశాం. 'బోర్బరిగ్మస్' అంటే ఆకలేసినప్పుడు కడుపులో వచ్చే గుర్రుగుర్రు చప్పుడు అని చదివితే, "టైమెంతయింది మేడం, టిఫినుకు పోదమా," అన్నాడు. అదీ ఖాయం. తెలుగులో నిలబడ్డ అర్థాన్ని ఇంగ్లీషులోకి తెచ్చుకోవడం సులువు. తిరగేసి చేస్తే ఎప్పుడూ ఎక్కడో అతుకు కనిపిస్తుంది.

అడగని పిల్లలు

ఇక ఈ పనిలో నన్ను నిజంగా పరేషాన్ చేసిన విషయానికి వస్తాను.

పెద్ద బడుల పిల్లలకి కోచ్‌లుంటారు. వాళ్ళు మైకు ముందుకి రాగానే అర్థం అడుగుతారు, భాష అడుగుతారు, వాక్యం అడుగుతారు, అవసరమున్నా లేకపోయినా. దాంతో ఆలోచించుకోవడానికి టైము దొరుకుతుంది. మాట ఏ భాషదో తెలిస్తే సగం అక్షరాలు వాటంతటవే వరుసలో నిలబడతాయి. చిన్న బడుల పిల్లలు మాత్రం ఏమీ అడగరు. చేతులు కట్టుకుని నిలబడి, నేను పలకగానే "ఎస్ మేడం" అని చెప్పడం మొదలుపెడతారు. గంట మోగితే మళ్ళీ "ఎస్ మేడం" అని దిగిపోతారు.

వాళ్ళకి నియమాలు తెలియక కాదు. సార్ ప్రతి పోటీ ముందూ చదువుతారు. కానీ వాళ్ళ క్లాసులో మళ్ళీ చెప్పమంటే, 'ఇప్పటిదాకా ఏం ఇన్నవ్' అనే జవాబు వస్తుంది. అడగడమంటే పెద్దవాళ్ళని ఇబ్బంది పెట్టడం, మర్యాద తప్పడం. ఆ మర్యాద వల్లే వాళ్ళు ఓడిపోతున్నారు. నాకు బాగా తెలుసు, చిన్నప్పుడు నేనూ అలాగే ఉండేదాన్ని. బల్ల కింద చెయ్యి ఎత్తేదాన్ని.

ఒక ఏడాది పోటీల్లో నాకు అఖిల కనిపించింది. ఎల్‌బీనగర్ వెనక ఒక చిన్న బడిలో ఏడో తరగతి. మొదటి రౌండ్లో అందరికంటే బాగా చెప్పింది, ఒక్కటి కూడా అడక్కుండా. ఆ బడిలో ఏడు వరకే ఉంది. ఆ ఏడాది గెలిచినవాళ్ళకి, పోటీకి సాయం చేస్తున్న ఒక పెద్ద బడి పదో తరగతి దాకా ఉచితంగా సీటు ఇస్తానంది. అఖిల తల్లి సునీత జాకెట్లు కుడుతుంది. భర్త లేడు. హాలు బయట యాదగిరన్నతో ఆమె అంటుంటే నా చెవిన పడింది: "గెలిస్తే ఈడనే చదువుతది అన్నా. లేకుంటె గురుకులంల ఏస్త. హాస్టల్ల ఉంటది. మంచి బడే, నేనేం కాదంట లేను. గని ఒక్కతే బిడ్డ. అది ఆడ, నేనీడ, ఇంట్ల ఎవలున్నరు?"

నేను వెళ్ళి సార్‌కి చెప్పాను. ఆయన చేతిలో కార్డులు సర్దుకుంటూ, "విన్నావా? ఇప్పుడు మర్చిపో," అన్నారు. "నీ గొంతులో జాలి వినపడితే మిగతా పిల్లలకి అన్యాయం."

కఠినంగా అనిపించింది గానీ ఆయన చెప్పింది నిజం. ఒక పిల్లకి మాటని కాస్త విడమరిచి పలికితే చాలు, అక్షరాలు చేతికి ఇచ్చినట్టే. నవ్యా, పోటీ ముందు పిల్లల ఇళ్ళ సంగతులు వినకు. వింటే, అందరికీ ఒకేలా పలికే గొంతు దొరికేదాకా మైకు ముట్టుకోకు.

సతాయింపు ఆట

జాలి చూపించకూడదు, సరే. మరి ఏం చేయొచ్చు? రెండు రోజులు ఆలోచించి ఒక చీటీ రాసి సార్ బల్ల మీద పెట్టాను. ఎదురుగా చెప్పే ధైర్యం లేదు. రెండో రౌండుకి ముందు పిల్లలందరితో ఒక ఆట ఆడిస్తానని రాశాను. ఒక్కొక్కరూ మైకు ముందుకి రావాలి. నేనొక మాట పలుకుతాను. అక్షరాలు చెప్పకూడదు. మేడంని సతాయించాలి, అంతే. ఎవరు ఎక్కువ సతాయిస్తే వాళ్ళకి బిస్కెట్ పాకెట్.

సార్ చదివి, "ఆడించమ్మా. కానీ అందరితో. కోచింగ్ ఉన్నవాళ్ళనీ వదలొద్దు," అన్నారు.

సరూర్‌నగర్ హాల్లో ఆడించాం. మొదట ఎవరూ నమ్మలేదు. తర్వాత ఒక బుడ్డోడు, 'లుగూబ్రియస్' అంటే ఏంటి అన్నాడు. ఏడుపుముఖం పెట్టుకుని తిరగడం అన్నాను. మళ్ళీ చెప్పమన్నాడు. ఇంకోసారి. ఇంకోసారి. నేను ఒకే గొంతుతో చెప్తూనే ఉన్నాను. మేడంకి కోపం రావడం లేదని వాళ్ళకి తెలిశాక హాలు చేపల మార్కెట్టయింది. ఒకడు ఆ మాట ఏ దేశం నుంచి వచ్చింది, విమానంలో వచ్చిందా ఓడలో వచ్చిందా అన్నాడు. ఒక పిల్ల, మీ అమ్మకి ఈ మాట తెలుసా మేడం అంది. తెలియదన్నాను. నేను నవ్వుతున్నానని నాకే ఆలస్యంగా తెలిసింది. అంతమంది ముందు, పెళ్ళి సోఫాలో.

అఖిల వంతు వచ్చింది. చేతులు కట్టుకుంది. నేను మాట పలికాను. నా ముఖంలోకి చూసింది. ఏదైనా అడగమన్నట్టు వెనక పిల్లలంతా గోల చేస్తున్నారు. "ఎస్ మేడం," అని వెళ్ళి కూర్చుంది.

వైర్లు చుట్టుకుంటూ యాదగిరన్న అన్నాడు, "గా పిల్ల నోట్ల నుంచి అక్షరాలే వస్తయి మేడం, మాట రాదు."

అయినా రెండో రౌండు గెలిచింది. అడగకుండానే.

ఫైనల్

ఫైనల్ ఎల్‌బీనగర్‌లో, వేసవి సెలవులకి ముందు వచ్చిన మూఢంలో పెట్టాం. చివరికి ఇద్దరు మిగిలారు. అఖిల, దిల్‌సుఖ్‌నగర్ నుంచి వచ్చిన రిషి. రిషి మంచి పిల్లవాడు, వాళ్ళ నాన్న మాత్రం నిలబడే వీడియో తీస్తాడు, కూర్చోడు. రిషి తన మాట మీద అన్నీ అడిగాడు, బాగా ఆలోచించాడు, చివరి అక్షరం దగ్గర జారాడు. గంట మోగింది. యాదగిరన్న బిస్కెట్ పాకెట్ ఇచ్చాడు. ఇప్పుడు అఖిల తన మాట సరిగ్గా చెప్తే గెలిచినట్టు. తప్పితే ఇద్దరూ మళ్ళీ మొదటి నుంచి, అప్పటికే ఆ పిల్ల అలిసిపోయి ఉంది.

కార్డు తీశాను. జార్ఫ్.

పొట్టిమాట. కొత్తగా వచ్చేవాళ్ళు పొడుగు మాటలే కష్టమనుకుంటారు. కాదు. పొడుగు మాటని ముక్కలు చేసుకోవచ్చు. పొట్టిమాటకి పట్టుకోవడానికి ఏమీ ఉండదు, నున్నగా జారిపోతుంది.

నేను పలికాను. అఖిల చేతులు కట్టుకుంది. ఎప్పుడూ వెంటనే మొదలుపెట్టే పిల్ల ఈసారి మొదలుపెట్టలేదు. మూడో వరుసలో సునీత కొంగుని వేలికి చుట్టుకుంటోంది. ఆమె వైపు చూడకూడదని నేను కార్డు వైపు చూశాను. అర్థం కావాలా అని అడగడానికి నాకు హక్కు లేదు. కార్డు తిప్పినా, కనుబొమ్మ ఎత్తినా సైగ చేసినట్టే. అందుకని రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని బొమ్మలా కూర్చున్నాను. అడుగు, అడుగు అని లోపల ఎంత అరిచానో నాకే తెలుసు.

అఖిల చేతులు విప్పింది.

"మేడం, అర్థం."

చదివాను.

"మళ్ళొక్కసారి."

చదివాను.

"ఏ భాష?"

అరబిక్ అన్నాను. వాక్యం అడిగింది, చదివాను. మాటని మళ్ళీ పలకమంది, పలికాను. అర్థం మళ్ళీ అడిగింది. అక్కడ రిషి నాన్న ఫోన్ దించి, ఎన్నిసార్లండీ ఇది అన్నారు. సార్ సీట్లోంచి లేవకుండానే, "బల్బు వెలిగేదాకా అడగొచ్చండి. మీ అబ్బాయీ అడిగాడు కదా," అన్నారు.

అఖిల భయపడి ఆపేస్తుందనుకున్నాను. ఆ పిల్ల నా వైపు చూసి, మైకులోనే, తెలుగులో, చాలా మర్యాదగా అడిగింది:

"సతాయిస్తున్ననా మేడం?"

ఆ ప్రశ్నకి కార్డులో జవాబు లేదు. కార్డులో లేనిది చెప్పే అధికారం నాకు లేదు. అందుకని అర్థాన్ని ఇంకోసారి మొదటి నుంచి చివరి దాకా, అదే గొంతుతో చదివాను. అఖిలకి కావలసిన జవాబు అందులో దొరికినట్టుంది. తల ఊపి, నాలుగు అక్షరాలు చెప్పింది. ఒక్కొక్కటీ విడివిడిగా.

యాదగిరన్న చెయ్యి గంట మీద ఉంది. అందరూ ఆ చేతినే చూస్తున్నారు. ఆయన దాన్ని మెల్లగా తీసి, రెండు చేతులూ జేబుల్లో పెట్టుకున్నాడు.

తర్వాత ఏం జరిగిందో నాకు సరిగ్గా గుర్తులేదు, చప్పట్ల మోతలో సోఫా వెనక నక్కాను. రిషి మాత్రం వచ్చి అఖిలతో, "నాకంటే నువ్వే ఎక్కువ సతాయించావ్," అనడం విన్నాను. మెచ్చుకోలుగానే అన్నాడు.

ఒక ఫోన్

కొత్త బడి తెరిచిన నెలకి సునీత ఫోన్ చేసింది. గొంతు వింటే ఏదో భయపడుతున్నట్టుంది. బడికి రమ్మని పిలిపించారట. అఖిల క్లాసులో ఊరుకోవడం లేదట. సైన్సు టీచరు పాఠం చెప్తుంటే మళ్ళీ చెప్పమంటుందట, లెక్కల సారుని ఇదెందుకు ఇట్లా వస్తుందని అడుగుతుందట, సోషల్ టీచరుని ఈ మాట ఏ భాష నుంచి వచ్చింది మేడం అని అడిగిందట. ఆవిడకి తెలియదట.

"మీరేం నేర్పిన్రు మేడం? ఇంట్ల గూడ అట్లనే తయారైంది. గింత అడిగితె సీటు తీసేస్తరా ఏందని నా గుండె కొట్టుకుంటుంది."

"సీటుకేం కాదమ్మా. టీచరు ఏమన్నది?"

"అన్నదేంది, నవ్వింది. క్లాసుకొకరు ఇట్లాంటోళ్ళు ఉండాలె అన్నది. ఒట్టిగ అన్నదేమోనని మిమ్మల్ని అడుగుతున్న."

"ఒట్టిగ గాదు, నిజమే అన్నది. ఎంతన్న అడగొచ్చు."

అవతల కాసేపు కుట్టుమిషను చప్పుడు వినిపించింది. ఆగింది.

"అయితె నేను గూడ ఒకటి అడుగుతా మేడం. నవ్వొద్దు."

"నవ్వను, చెప్పమ్మా."

"గా రోజు నా బిడ్డ గెలిచింది గదా, గా మాట, జార్పు. హాల్ల అందరు చప్పట్లు కొట్టిన్రు, నేను గూడ కొట్టిన. ఏడ్చిన. గని గదేందో నాకు ఇప్పటిదాక తెల్వదు. అఖిలను అడుగుదమంటె సిగ్గైంది."

నేను తెలుగులో రాసుకున్న అర్థమే చెప్పాను. వేడి చాయ్ గ్లాసు పట్టుకుంటే చెయ్యి కాలుతుంది కదా, కాలకుండా గ్లాసు కింద తొడిగే చిన్న పాత్ర. వెండిదో ఇత్తడిదో.

"గింతేనా?" అంది. తర్వాత నవ్వింది, చాలాసేపు నవ్వింది. నేనూ నవ్వాను.

"మేడం," అంది నవ్వు ఆపుకుని, "మళ్ళొక్కసారి చెప్పుండ్రి."

చెప్పాను.